మూడు రోజుల దారి

రుసైల్‌లో పాత కాగితం నొక్కే యార్డు ఒకటుంది. మస్కట్ చుట్టుపక్కల దుకాణాల అట్టపెట్టెలు, ఆఫీసుల ఫైళ్లు, పిల్లలు చదివి పారేసిన పుస్తకాలు అన్నీ చివరికి అక్కడికే చేరతాయి. వాటిని మిషన్‌లో వేసి నొక్కి, ఇనప తీగతో బిగించి, మనిషి ఎత్తు మోపులు చేసి ఓడకెక్కిస్తారు. ఆ మోపును బేల్ అంటారు. గంగాప్రసాద్ పదకొండేళ్లుగా ఆ మిషన్ దగ్గర తీగ కడుతున్నాడు.

మిషన్ నొక్కి పట్టుకున్నప్పుడు సందుల్లోంచి తీగ దూర్చాలి, అవతల అందుకోవాలి, మెలితిప్పి వదలాలి. మెలిక గట్టిగా పడకపోతే మిషన్ పైకి లేవగానే బేల్ ఉబ్బుతుంది, తీగ తెగి కొరడాలా లేస్తుంది. గంగాప్రసాద్ ఎడమచేతి మీద మణికట్టు నుంచి మోచేయి దాకా ఉన్న తెల్లటి గీత అలా వచ్చిందే. పైన రేకు లేదు. ఎండాకాలంలో మధ్యాహ్నం మూడు గంటలు పని ఆపాలని సర్కారు రూలు కాబట్టి ఆపుతారు. ఎండకు మాత్రం ఆ రూలు తెలియదు.

అతనికి నలభై ఆరేళ్లు. జగిత్యాల పక్క పల్లె. తండ్రి మల్లయ్య డోలు, తాళాలు కట్టుకుని ఊరూరా ఒగ్గు కథ చెప్పేవాడు. కొడుక్కి ఆయన ఇచ్చిపోయినవి రెండే. ఒకటి గొంతు. రెండోది ఒక కట్టుబాటు: ఎత్తుకున్న కథను మధ్యలో దింపకూడదు. వాన వచ్చినా, కరెంటు పోయినా, వినేవాళ్లు గోడకు చేరగిలబడి గుర్రు పెట్టినా, కథను ఒడ్డుకు చేర్చాకే లేవాలి. సగంలో వదిలేసిన కథ చెప్పినవాణ్ణి పట్టుకుని తిరుగుతుందని మల్లయ్య నమ్మకం.

కొడుకు ఏడో తరగతి దాకా చదివాడు. తర్వాత సెంట్రింగు పని, పెళ్లి, ఒక ఏజెంటు, ఒమన్. ఈ వరుస ఆ జిల్లాలో ఏ ఇంట్లో అడిగినా చెబుతారు, ఇక్కడ సాగదీయనక్కర్లేదు. అందరికీ లేనిది అతనికి ఒకటుంది, చదువు మీద ఆకలి. ఇంగ్లీషు అతనికి బడి నేర్పలేదు. మిషన్ మీద అంటించిన హెచ్చరికలు నేర్పాయి, మందుడబ్బాల్లో మడతపెట్టిన కాగితాలు నేర్పాయి, బేల్‌లోకి పోబోతున్న పిల్లల వాచకాలు నేర్పాయి. తెలియని మాటను ఫోన్‌లో వెతికేవాడు. యార్డులోంచి ఏది బయటికి తీసుకుపోయినా దొంగతనం కిందే లెక్క. సూపర్‌వైజర్ల మీద పెద్దగా ఉండే ఫుర్ఖాన్ మాత్రం అతని టిఫిన్ సంచి ఉబ్బెత్తుగా కనబడితే చూసీ చూడనట్టు పోయేవాడు. ఆ చూడకపోవడానికి ఒక రోజు ఖరీదు అడుగుతాడని గంగాప్రసాద్‌కు తెలుసు. ఎప్పుడో తెలియదు, అంతే.

ఆ పుస్తకం సీబ్‌లో ఎవరో విల్లా ఖాళీ చేస్తే వచ్చిన పెట్టెలో దొరికింది. అట్ట లేదు. వెనక పేజీలు చినిగిపోయాయి. దాదాపు ఐదు వందల ఏళ్ల కిందట స్పెయిన్ నుంచి సముద్రం దాటి పోయి, ముయిస్కా అనే కొండజాతి రాజ్యాన్ని కొల్లగొట్టిన దండులో నడిచిన ఒక మామూలు సిపాయి బతుకు అందులో ఉంది. సిపాయి పేరు మెల్చోర్. రాజులూ సేనానులూ ఉన్న పుస్తకాలు గంగాప్రసాద్ చాలా చూశాడు. జోళ్లు లేక అరికాళ్లు పగిలిన వాడి గురించి పుస్తకం చూడటం అతనికి అదే మొదటిసారి. మూడు వారాలు, డ్యూటీ బస్సులో కూర్చుని చదివాడు. శుక్రవారం రూమ్‌లో ఎత్తుకున్నాడు.

రూమ్‌లో ఎనిమిది మంచాలు. శుక్రవారం సెలవు. జావెద్ పొద్దున్నే హమ్రియా బజారుకు పోయి కూర తెచ్చేవాడు. అతను కంపెనీ డ్రైవరు, కరీంనగర్ వాడు, ముప్పై ఏళ్లు, నోరు ఊరుకోదు. వండేది పోచన్న. యాభై అయిదేళ్ల వాడు, యార్డులో ఊడుస్తాడు. తిన్నాక గంగాప్రసాద్ కింది మంచం మీద మఠం వేసుకుని కూర్చుంటే, పోచన్న ఎదురుగా కూర్చుని ఒగ్గు కథలో పక్కవాయిద్యం వాడిలా అడుగడుగునా ఊకొట్టేవాడు.

"స్పెయిన్ల ఒక ఎండిన పల్లెల చెప్పులు కుట్టేటోని రెండో కొడుకు మెల్చోర్," అని మొదలుపెట్టాడు గంగాప్రసాద్. "ఉన్న గింత పొలం అన్నకే పాయె. ఒక నాడు అంగట్ల ఒకడు అరుస్తున్నడు. పడమటి దిక్కు సముద్రం దాటితే బంగారం రాళ్ల లెక్క పడి ఉంటదట."

"అహా," అన్నాడు పోచన్న. "మరి మెడికల్ జేసిండ్రా?"

"ఏజెంటు పేరేందన్నా?" అన్నాడు జావెద్. "మా ఊరోడే అయి ఉంటడు."

రూమ్ అంతా నవ్వింది. గంగాప్రసాద్ కూడా నవ్వాడు. మెల్చోర్‌కు సంతకం రాదు, కాగితం మీద శిలువ గుర్తు గీశాడు. వాడితోపాటు వాడి వీధిలోనే పుట్టిన బెనీతో కూడా గీశాడు. ఇద్దరూ ఓడలో నలభై రోజులు వాంతులు చేసుకుంటూ పోయి తీరం చేరారు. తీరంలో ఉన్న ఊళ్లో బంగారమూ లేదు, తిండీ లేదు. జ్వరాలున్నాయి. అప్పుడు దండు బయల్దేరింది. నాయకుడు మొన్నటిదాకా కోర్టులో వాదించిన వకీలు. ఎనిమిది వందల మంది, పెద్ద నది వెంబడి పైకి. దారి లేని అడవిని కత్తులతో నరుక్కుంటూ, ఎడతెగని వానలో, నెలల కొద్దీ. రాత్రి చెట్లకు ఉయ్యాలలు కట్టుకుని పడుకుంటే పులులు ఉయ్యాలలోంచే మనుషుల్ని లాక్కుపోయాయి. నీళ్లకు దిగినవాళ్లను మొసళ్లు పట్టాయి. తిండి అయిపోయింది. గుర్రాన్ని చంపి తిన్నవాడికి ఉరి అని నాయకుడు చాటించాడు. అప్పుడు కత్తుల ఒరలు, నడుం పట్టీలు నానబెట్టి ఉడకేసుకుని తిన్నారు.

"తోలు ఉడుకుతదా?" అన్నాడు పోచన్న, వంటవాడు కాబట్టి. "ఉప్పేసిండ్రా?"

"ఉప్పే లేదు కాకా. ఉప్పు కాడికే వస్తున్న."

"సామాన్లు ఎవడు మోసిండన్నా?" అని అడ్డం వచ్చాడు జావెద్. "సిపాయిలకు కత్తి మోసుడే కష్టమాయె. డేరాలు, గిన్నెలు?"

"ఆ దిక్కు మనుషులనే పట్టుకొచ్చి, మెడలకు గొలుసులేసి మోయించిండ్రు."

"ఎంతమందిని?"

"బుక్కుల రాయలే. సిపాయిల లెక్క ఉన్నది, గుర్రాల లెక్క ఉన్నది. మోసినోళ్ల లెక్క లేదు."

"అంటే ఇందుల మనం మెల్చోర్ గాదన్నట్టు," అన్నాడు జావెద్. "లెక్కల లేనోళ్లం."

"ఊకో. కథ నడవనియ్యి," అన్నాడు పోచన్న.

గంగాప్రసాద్‌కు ఆ మాట ముల్లులా దిగింది. పుస్తకం చదివినంతసేపూ అతను మెల్చోర్ పక్కనే నడిచాడు. గొలుసు వైపు ఎందుకు చూడలేదో అతనికే తెలియలేదు.

ఆదివారం ఫుర్ఖాన్ అతన్ని క్యాబిన్‌కు పిలిచాడు. హైదరాబాద్ వాడు, తెలుగు వచ్చు, కాస్త వంకరగా. ఏసీ చల్లగా తగిలింది. కూర్చోమన్నాడు. పదకొండేళ్లలో ఆ కుర్చీలో కూర్చోవడం గంగాప్రసాద్‌కు అదే మొదలు.

"నీ నడుము ఎట్లుంది గంగా?"

"మంచిగనే ఉన్నది సాబ్."

"ఝూట్. నీ కాంట్రాక్ట్ అయిపోతది రెండు నెలలల్ల. మళ్లా మెడికల్ ఉంటది. నీ నడుము చూసి డాక్టర్ ఏం రాస్తడో నీకెరుక, నాకెరుక." ఫుర్ఖాన్ టీ అతని వైపు జరిపాడు. "విను. రెండో మిషన్ వస్తుంది. పది మంది కావాలె. మీ ఊరోళ్లయితే పారిపోరు. నువ్వు పది మందిని తే, నిన్ను సూపర్‌వైజర్ చేస్త. ఈ పక్క క్యాబిన్ నీది. మిషన్ ముట్టే పని లేదు."

"యార్డు పని అంటే ఇప్పుడు పోరగాండ్లు రారు సాబ్."

"యార్డు అని ఎవరు చెప్పమన్నరు? స్టోర్ హెల్పర్. నీడల పని. మొదటి నెల స్టోర్లనే పెడ్తం, కసమ్. తర్వాత సంగతి తర్వాత." నవ్వాడు. "నువ్వు ఒక్క వాయిస్ పెట్టు మీ గ్రూప్‌ల. నీ ఆవాజ్‌ల దమ్ముంది. శుక్రవారం మీ రూమ్‌ల ఏం చెప్తవో నాకు తెల్వదనుకున్నవా? వచ్చేది కాదు, ఆ పై శనివారం దాక టైమ్."

వాళ్ల ఊరికి వాట్సాప్ గ్రూప్ ఒకటుంది. అందులో ఎవరూ రాయరు, రాసినా ఎవరూ చదవరు. గొంతు పెడతారు. దుబాయ్ నుంచి, మస్కట్ నుంచి, మలేషియా నుంచి. ముసలమ్మలు కూడా మనవళ్ల చేత ఫోన్ పట్టించుకుని వింటారు. మూడేళ్ల కిందట ఒక దొంగ ఏజెంటు ఊళ్లో పాస్‌పోర్టులు పోగేస్తుంటే, గంగాప్రసాద్ ఒక్క వాయిస్ పెట్టాడు. వీడి కంపెనీ లేనే లేదు, నేను పోయి చూసొచ్చిన, అక్కడ ఖాళీ జాగా ఉంది, అని. తెల్లారేసరికి ఇరవై మంది పోయి పాస్‌పోర్టులు గుంజుకున్నారు. అప్పటినుంచి ఊళ్లో అతని గొంతంటే అతని తండ్రి గొంతుతో సమానం. ఫుర్ఖాన్‌కు కావలసింది పది మంది కాదు. ఆ గొంతు. అది వస్తే పది మంది వెనకే వస్తారు.

ఆ వారమంతా తీగ కడుతూ గంగాప్రసాద్ లోపల్లోపల లెక్క వేసుకున్నాడు. మాట ఇవ్వకపోతే ఇంటికి. ఇంటికి పోతే ఈ నడుముతో సెంట్రింగు ఎక్కలేడు. ఊళ్లో ఉన్న భార్య శ్రీలతకు ఫోన్ చేశాడు. ఆమె అంతా విని, "మరి నువ్వేమంటవు?" అంది. "నువ్వేమంటవు?" అన్నాడతను. "నాకు నువ్వు కుర్చీల కూసుంటే మంచిగనే అనిపిస్తది," అంది ఆమె.

రెండో శుక్రవారం ఉప్పు కథ వచ్చింది.

నది మీద ఒక పడవ దొరికింది. పడవలోని వాళ్లు నీళ్లలోకి దూకి పారిపోయారు. లోపల రంగుల నూలుబట్ట ఉంది, ఉప్పు ఉంది. తీరంలో దొరికే ఉప్పు పలుకుపలుకుగా ఉంటుంది. ఇది గట్టిగా, దిమ్మలుగా ఉంది, కాచి అచ్చుపోసినట్టు. నాయకుడికి వెంటనే వెలిగింది. ఈ ఉప్పు పైనుంచి వచ్చింది. ఇంత నేర్పుగా ఉప్పు కాచే చేతులున్నాయంటే పైన కొండల మీద ఊళ్లున్నాయి, అంగళ్లున్నాయి, రాజ్యం ఉంది. కానీ దండు కదిలే స్థితిలో లేదు. సగం మందికి పైగా చచ్చారు. మిగిలినవాళ్లు వెనక్కి పోదామంటున్నారు.

"నాయకుడు మెల్చోర్‌ను డేరాలకు పిలిచిండు," అన్నాడు గంగాప్రసాద్.

"పిలిచి?" అన్నాడు పోచన్న.

"ఎందుకు వీన్నే పిలిచిండంటే, వీడు ఇంతవరకు ఎవరికీ ఒక్క అబద్ధం చెప్పలే. తోటి సిపాయిలు వీని మాటంటే నమ్ముతరు. నాయకుడు ఉప్పు దిమ్మ చేతుల పెట్టి, నువ్వు పైకి పోయి చూసొచ్చిన్నని చెప్పు, మూడు రోజుల దారని చెప్పు, అన్నడు. మూడు రోజులంటే ఎవడైన నడుస్తడు."

"పోయి చూసిండా మరి?"

"అడుగు గూడ పోలే."

మెల్చోర్ దిమ్మను రాయితో పగలగొట్టాడు. ఒక్కొక్కడి దగ్గరికీ పోయి నాలుక మీద చిన్న పలుకు పెట్టాడు. మూడు రోజులు, అని చెప్పాడు. నెలల తరబడి ఉప్పు ఎరుగని నోళ్లు. కొందరు ఏడ్చారు. లేచారు. నడిచారు. కొండ ఎక్కడం మొదలయ్యాక చలి, రాళ్లు, జారుడు బురద. మూడు రోజులు అయిపోయాయి. పది రోజులయ్యాయి. రెండు నెలలు దాటాయి. చిన్నప్పటి స్నేహితుడు బెనీతోకు కాలు కుళ్లింది. మెల్చోర్ వాణ్ణి భుజానికి వేసుకుని మోశాడు. జ్వరంలో బెనీతో పొద్దున లేచిన ప్రతిసారీ ఒకటే అడిగేవాడు.

"ఏమని?" అన్నాడు పోచన్న. ఊకొట్టడం మర్చిపోయి నిజంగా అడిగాడు.

"ఇయ్యాల మూడో రోజేనా మెల్చోర్, అని."

పోచన్న ముక్కు చీదుకున్నాడు.

"నాకొడుకు," అన్నాడు. "మెల్చోర్‌గాడు నాకొడుకు."

"వాడేం జేస్తడు, పైనోడు చెప్పమన్నడు," అన్నాడు జావెద్. అంటూ గంగాప్రసాద్ వైపే చూశాడు. ఫుర్ఖాన్‌ను కారులో తిప్పేది జావెదే. ఫుర్ఖాన్ ఫోన్‌లో మాట్లాడేవన్నీ ముందు సీట్లోకి వినిపిస్తాయి. "ఏం గంగన్నా, వాడేం జేస్తడు?"

గంగాప్రసాద్ ఆ రోజుకు కథ ఆపాడు.

సోమవారం డ్యూటీ దిగాక అక్క సత్తవ్వ ఫోన్ చేసింది. కోరుట్లలో ఉంటుంది, మిషన్ మీద బట్టలు కుడుతుంది. పక్కనే కొడుకు సంజీవ్ ఉన్నాడు, ఇరవై రెండేళ్లు, సెల్‌ఫోన్ల దుకాణంలో పని. ఫుర్ఖాన్ ఊరుకోలేదన్నమాట, జగిత్యాల ఏజెంటుకు అప్పుడే కబురు పోయింది.

"మామా, మీ కంపెనీల స్టోర్ పని ఉన్నదంట గదా? నీడలనే అంట?" సంజీవ్ గొంతు ఉరకలేస్తోంది. "మనోళ్లు పదకొండు మందిమి అనుకుంటున్నం. నువ్వు వాయిస్ పెడ్తవని చూస్తున్నం."

"ఇంక ఖాయం కాలే రా. చెప్త."

సత్తవ్వ ఫోన్ లాక్కుంది. "కాయితం గీయితం నాకు తెల్వది తమ్మీ. నువ్వు రమ్మంటే పంపుత, వద్దంటే పంప. నీ మాటనే నాకు వీసా."

గంగాప్రసాద్ సరే అన్నాడు. ఫోన్ పెట్టాక చేతి మీది తెల్లటి గీతను బొటనవేలితో రుద్దుకుంటూ చాలాసేపు బస్టాపులో కూర్చున్నాడు. రెండు బస్సులు పోయాయి.

మూడో శుక్రవారం రూమ్‌లో పక్క రూములవాళ్లు కూడా చేరారు. మర్నాడే ఫుర్ఖాన్ పెట్టిన గడువు.

కొండ ఎక్కారు. ఎనిమిది వందల్లో మిగిలింది నూట డెబ్బై. వాళ్లలో బెనీతో లేడు. పైన పచ్చటి మైదానం, చలిగాలి, నూలు కట్టుకున్న జనం, ఆలుగడ్డ తోటలు. ఇళ్ల గుమ్మాలకు పల్చటి బంగారు రేకులు వేలాడుతున్నాయి. గాలి వీచినప్పుడల్లా ఊరంతా గలగలమంటోంది. ఆ చప్పుడు విని సిపాయిలు దారి మధ్యలో నిలబడిపోయారు. జనం భయపడ్డారు, మర్యాదా చేశారు. జింక మాంసం తెచ్చారు, ధూపం వేశారు.

"మన ఒమన్ల సలాలా సాంబ్రాణా?" అన్నాడు జావెద్.

"అసొంటిదే అనుకో."

కొన్నాళ్లకు గాలి వీచినా ఏ గుమ్మమూ మోగలేదు. రేకులన్నీ సంచుల్లోకి పోయాయి. రాజును తరిమి చంపారు. కోడలి కోసం పెట్టిన నగలా ఆ జనం దాచుకున్న పెద్ద గుడిలోకి ఇద్దరు సిపాయిలు కాగడాలతో దూరారు. చేతులు ఖాళీ కావాలి కదా, బంగారం ఒలవడానికి. కాగడాలు కింద పెట్టారు. కింద పరిచినవి గడ్డి చాపలు. గుడి కాలిపోయింది, రోజుల తరబడి పొగ లేచింది. తర్వాత పంపకాలు జరిగాయి. మెల్చోర్‌కు ఒక ఊరు వచ్చింది.

"ఊరంటే? భూమా?" అన్నాడు పోచన్న.

"మనుషులు. ఎనభై గడపలు. ఉప్పు కాచేటోళ్లే. వాళ్లు కాచింది ఇగ వీనికి పొయ్యాలె. వీడు నీడల కూసుంటడు."

"నడుము నొప్పి లేని పని," అన్నాడు జావెద్.

గంగాప్రసాద్ పుస్తకం తీసి చివరి పేజీ చూపించాడు. "మెల్చోర్ మొదటిసారి" అన్న మాటతో పేజీ అయిపోయింది. ఆ తర్వాత దారపు పోగులు తప్ప ఏమీ లేవు.

"ఇంతే. అవతల చినిగింది."

రూమ్ గొల్లుమంది. మూడు శుక్రవారాలు కూర్చోబెట్టి ఇదేం కథ అన్నారు. పోచన్న చేయి ఎత్తి అందరినీ ఆపాడు. "గంగా, మీ నాయిన మా ఊర్లె కథ చెప్పంగ విన్నోన్ని నేను. వానల తడుసుకుంట చెప్పిండు, దింపలే. నువ్వు మల్లయ్య కొడుకువు. ఒడ్డుకు తే."

గంగాప్రసాద్ కళ్లు మూసుకున్నాడు. తెరిచి, పుస్తకాన్ని పక్కన పెట్టాడు.

"మెల్చోర్ మొదటిసారి కుర్చీల కూసున్నడు," అన్నాడు. "నాయకుడు వచ్చిండు. ఈ జాగ నిలవాలంటే ఇంక మనుషులు కావాలె, నువ్వు మీ ఊరికి కబురు రాయి, నీ మాట నమ్ముతరు, అన్నడు. వీనికి రాయరాదు. పాదిరి కలం పట్టి కూసున్నడు. వీడు చెప్తున్నడు. గాలి మంచిది, నీళ్లు మంచియి, అని. పాదిరి రాస్తున్నడు. రాసుకుంట రాసుకుంట తలెత్తి అడిగిండు. దారి ఎన్ని రోజులని రాయమంటవు?"



"గంగన్నా," అన్నాడు జావెద్ మెల్లగా. "ఇది బుక్కుల ఉన్నదా?"

"లేదు."

"మరి ఏం రాయించిండు?" అన్నాడు పోచన్న.

"ఎనిమిది నెలలు పైన అని రాయించిండు. పులుల సంగతి రాయించిండు. ఒరలు ఉడకేసుకుని తిన్నమని రాయించిండు. బెనీతో వాళ్లమ్మకు, మూడు రోజులని చెప్పింది నేనేనని రాయించిండు. కింద శిలువ గీసిండు."

"ఇగ ఎవడొస్తడు ఆ చిట్టి చూసి?" అన్నాడు జావెద్.

"ఏమో. రాకుంటే రాకపోనీ."

కథ దిగింది. ఎవరూ లేవలేదు. గంగాప్రసాద్ దిండు కింది ఫోన్ తీశాడు, ఊరి గ్రూప్ తెరిచాడు, మైకు గుర్తు మీద బొటనవేలు నొక్కి పట్టాడు. వాళ్లందరి ముందే.

"నేను మల్లయ్య కొడుకు గంగాప్రసాద్‌ను మాట్లాడుతున్న, మస్కట్ రుసైల్ నుంచి. మా కంపెనీల పది మందిని తీసుకుంటున్నరు. స్టోర్ హెల్పర్ అని రాసి ఉంటది. పని స్టోర్ల కాదు. కాగితం నొక్కే మిషన్ కాడ, ఎండల, పైన రేకు లేదు. తీగ కట్టాలె. తీగ తెగుతది, తెగితే చెయ్యి చీరుతది, నాది చీరింది. పదకొండేండ్లల్ల నా నడుము పోయింది. జీతం మాత్రం నెల నెల ఇస్తరు, ఆపరు, ఆ మాట అబద్ధం జెప్ప. తిండి మంచిగనే ఉంటది, పోచన్న వండుతడు. పది మందిని తెస్తే నన్ను సూపర్‌వైజర్ చేస్తమన్నరు, అందుకే ఈ మాట నాతోని చెప్పిస్తున్నరు. అది గూడ తెలుసుకోన్రి. వచ్చేటోళ్లు చేతులకు నిండుగ మందపు బట్ట కుట్టించుకొని రాన్రి. రానోళ్లు రాకున్రి. నేనెవ్వల్ని రమ్మన, వద్దన. అక్కా, నీకు గూడ ఇదే."

వేలు ఎత్తాడు. పోయింది.

"నీ పని అయిపోయిందన్నా," అన్నాడు జావెద్. పోచన్న లేచి టీ పెట్టాడు.

ఆదివారం ఫుర్ఖాన్ అతన్ని కూర్చోమనలేదు. ఏజెంటు ఆ వాయిస్‌ను అప్పుడే పంపించాడు. రెండుసార్లు విన్నాడట. "దిమాఖ్ ఉందా నీకు?" అన్నాడు. "ఇది విని గాడిద గూడ రాదు. పో, తీగ కట్టు."

గంగాప్రసాద్ పోయి తీగ కట్టాడు. ఇంటికి పోయాక ఏం చేయాలో ఆలోచించుకున్నాడు. మేకలు కొందామనుకున్నాడు. మేకల వెనక తిరిగే నడుము కూడా లేదని గుర్తొచ్చింది.

మంగళవారం సంజీవ్ ఫోన్ చేశాడు. "మామా, మందపు బట్ట అంటివి గదా, జీన్స్ అయితే సరిపోతదా?"

"నువ్వు విన్నవా నేను చెప్పింది?"

"మొత్తం విన్న. అమ్మ నాలుగుసార్లు విన్నది. నలుగురు వెనుకకు పోయిండ్రు. ఏడుగురం ఉన్నం."

"ఎందుకు రా? వద్దు రా."

"ఈడ నీడల కూసుంటే ఏం వస్తుంది మామా?" అన్నాడు సంజీవ్. అందులో కోపమూ లేదు, ఏడుపూ లేదు. "ఏజెంట్లందరు ఏసీ అంటరు. పోయినంక చూస్తే ఏముంటదో ఎవనికెరుక. నువ్వొక్కనివే ఏమున్నదో చెప్పినవు. తెలిసిన కష్టం కాడికే వస్తం."

నిజం చెబితే మనుషులు ఆగుతారనుకున్నాడు గంగాప్రసాద్. నిజం కూడా ఏజెంటుకే పనికొచ్చింది. ఏడుగురి కబురు అందగానే ఫుర్ఖాన్‌కూ ఆ సంగతి అర్థమైంది. "ఏడుగురా? వాహ్. మొన్న గాడిద గూడ రాదన్న, మాఫ్ చెయ్యి," అని నవ్వాడు. "కానీ పది అన్న, ఏడు తెచ్చినవు. క్యాబిన్ లేదు. కొత్తోళ్లకు పని నేర్పు. మెడికల్ సంగతి నేను చూస్త."

క్యాబిన్‌కు బదులు పైన రేకులు వేయమని అడిగాడు గంగాప్రసాద్. చూద్దాం అన్నాడు ఫుర్ఖాన్. ఇంకా చూస్తూనే ఉన్నాడు.

అక్టోబర్‌లో ఏడుగురూ దిగారు. యార్డు గేటు దగ్గర బస్సు దిగుతుంటే పాతవాళ్లు పని ఆపి చూశారు. ఏడుగురి చేతులకూ మణికట్టు నుంచి మోచేయి పైదాకా నీలం తొడుగులు. పాత జీన్స్ ప్యాంట్ల కాళ్లు కత్తిరించి, రెండు పొరలుగా వేసి, లోపల మెత్తటి గుడ్డ పెట్టి సత్తవ్వ మిషన్ మీద కుట్టింది. ఏడు జతలు. ఎనిమిదో జత ఒక కవర్లో విడిగా పంపింది. అది తమ్ముడికి.

"ఏందే, యుద్ధానికొచ్చిండ్రా?" అన్నాడు జావెద్, స్టీరింగ్ మీద నుంచే.

గంగాప్రసాద్ ఒక్కొక్కణ్ణీ మిషన్ దగ్గర నిలబెట్టి నేర్పాడు. మెలిక మూడుసార్లు తిప్పాలి, రెండు చాలవు. మిషన్ లేచేటప్పుడు ఎదురుగా నిలబడకూడదు, పక్కకు జరగాలి. ముఖం తిప్పుకోవాలి. అతనికి ఎవరూ ఇవి చెప్పలేదు. చెయ్యి చీరాక నేర్చుకున్నాడు.

పదమూడో రోజు సంజీవ్ తొందరపడి రెండు మెలికలే వేశాడు. మిషన్ లేచింది. బేల్ ఉబ్బింది. తీగ తెగి లేచి అతని ముంజేతిని ఒరుసుకుపోయింది. గంగాప్రసాద్ నడుము సంగతి మర్చిపోయి ఉరికాడు. తొడుగు మణికట్టు నుంచి మోచేయి దాకా నిలువునా చీలి, పైపొర రెండుగా వేలాడుతోంది. విప్పి చూశాడు. లోపలి గుడ్డ కూడా చిరిగింది. చర్మం మీద ఎర్రటి వాత ఉంది, రక్తం లేదు.

సంజీవ్ రొప్పుతున్నాడు. కాసేపటికి నవ్వబోయాడు.

"మామా, అమ్మకు చెప్పకు."

"చెప్త," అన్నాడు గంగాప్రసాద్, తొడుగును మళ్లీ అతని చేతికి ఎక్కిస్తూ. "ఈసారి మూడు పొరలేసి కుట్టమని గూడ చెప్త. తీగ పట్టు. మూడు మెలికలు."